చక్రం కింద నిమ్మకాయ

ధర్మపురి,
ఆడి నెల, ఆదివారం, 2006.

అమరావతికి,

నువ్వక్కడ చల్లగా ఉన్నావని తలుస్తాను. ఇక్కడ అమ్మ, పాప, పెరట్లో మేకలు, అందరూ క్షేమం. ఆ లెక్కలో నన్ను కలపడానికి కలం కొంచెం వెనకాడింది. ఒంటికి ఏమీ లేదు, కంగారుపడకు. తింటున్నాను, బస్సు తోలుతున్నాను, రోజూ గడ్డం గీసుకుంటున్నాను.

ఫోనులో మాట్లాడుకుంటూనే ఉన్నాం కదా, ఈ ఉత్తరం ఎందుకా అనుకుంటావు. మన ఇంట్లో ఫోను మోగితే ఏమవుతుందో నీకు తెలుసు. అమ్మ ఒక పక్క, పాప ఒక పక్క, గోడ అవతలి నుంచి మారియాయి అక్క కూడా వచ్చి నిలబడుతుంది. అక్కడ చెప్పగలిగిన మాట కాదు ఇది. అవ్వ ఊళ్లో తెలుగు బడికి నువ్వూ నేనూ కలిసి పోయినందుకు ఇన్నాళ్లకు ఒక ప్రయోజనం కనబడింది. ఈ ఇంట్లో ఈ అక్షరాలు చదవగలిగినవాళ్లు నేను తప్ప లేరు. అమ్మకు చదువే రాదు, పాపకు తమిళం, ఇంగ్లీషు తప్ప మరోటి రాదు. అందుకని నడింట్లో, అందరి ముందూ కూర్చుని ధైర్యంగా రాస్తున్నాను. అమ్మ చూసి, "పెండ్లానికి అంత పెద్ద జాబా? ఏముందిరా అంత చెప్పేదానికి?" అని నవ్వుతూ పోయింది.

నీ ఉత్తరంలో అడిగినవాటికి ముందు జవాబులు చెప్పేస్తాను.

అమ్మ మోకాలికి పాపారపట్టి నుంచి మీ నాన్న పంపిన నూనె రాస్తున్నాం. నొప్పి తగ్గలేదంటూనే నిన్న నిచ్చెన వేసుకుని మునగాకు కోసింది. దిగమంటే, "నొప్పి దిగేటప్పుడే, ఎక్కేటప్పుడు లేదు" అంది. ఇక దానికి వైద్యం లేదు. పాపకు ముందు పళ్లు మొలుస్తున్నాయి. ఒకటి కొంచెం వంకరగా వస్తోంది, నీ పన్ను మాదిరే. నువ్వు కొనిచ్చిన ఉన్ని స్వెటరు వేసుకుంటున్నానా అని అడిగావు. ఆడి గాలి ఎంత వీచినా ధర్మపురిలో స్వెటరు వేసుకునే మగాడు ఇంకా పుట్టలేదు. మా కండక్టరు ఎల్లప్పన్ చలిగా ఉండే ఏర్కాడు కొండ మీద పెళ్లికని అడిగి తీసుకుపోయాడు. తిరిగి ఇచ్చాడు గాని, ఆ పెళ్లి ఫోటోలన్నింటిలోనూ నా స్వెటరే ఉంది. మామిడికాయ ఊరగాయ ఈసారి అమ్మే పెట్టింది. మీ ఆసుపత్రిలో కేరళ అమ్మాయిలకు కూడా పంచుతావని రెండు సీసాలు కట్టి ఉంచింది, ఎవరైనా వచ్చేవాళ్లుంటే పంపుతాను.

ఇంకొక ప్రశ్న మిగిలింది. దాన్ని నువ్వు ఉత్తరం చివర్లో, చిన్న అక్షరాలతో రాశావు. వార్డులో పెద్ద నర్సుగా ఉండమని నిన్ను అడిగారన్న మాట ఒక్క వాక్యంలో చెప్పేసి, దాని కిందే ఇలా రాశావు: 'నీకు ఈడ దారి లేనప్పుడు నాకు ఈ పెద్దరికం ఎందుకు బావా? నెలాఖరుకు నోటీసు ఇచ్చేస్తాను. ఊర్లో ఏదో ఒక నర్సింగ్ హోములో చేరుకుంటాను. నువ్వు సరి అంటే చాలు.' ఇంకా ఆ ఫింటన్ సంగతి కూడా రాశావు. మీ ఆసుపత్రి ఎదుట బస్సు ఆపుకుని నిలబడి ఉన్నాడనీ, నిన్ను గుర్తుపట్టి చెయ్యి ఊపాడనీ, నువ్వు మొగం తిప్పుకుని పోయావనీ. 'నా మొగుడికి పని లేదన్నోడికి నా నమస్కారం ఎందుకు' అని రాశావు.

ఆ పేజీ నేను ఎన్నిసార్లు చదివానో చెప్పలేను. నోటీసు ఇవ్వకు అమరా. ఈ ఉత్తరం మొత్తం చదివేదాకా ఆగు. ఆ తర్వాత నీ ఇష్టం.

నేనూ పాపా నీ దగ్గరికి వచ్చి ఉన్న ఆ నెలలో పోయిన కొండల యాత్ర సంగతి మళ్లీ మొదటి నుంచి చెప్పాలి. ఆ బస్సులో నా పక్కనే కూర్చున్నావు కదా, నీకు మళ్లీ చెప్పేదేముంది అంటావు. కాని ఆ రోజు మనిద్దరం రెండు వేరు బస్సుల్లో తిరిగినట్టు ఇప్పుడనిపిస్తుంది.

వరసగా రాత్రి డ్యూటీలు చేసి నువ్వు ఆ శనివారం సెలవు సంపాదించావు. పొద్దున్నే పెరుగన్నం పొట్లాలు కట్టి, పాపకు రెండు స్వెటర్లు తొడిగి, డబ్లిన్‌లో ఆ పెద్ద బస్సు ఎక్కించావు. ముందు వరసలో కిటికీ సీటు నాకిచ్చి, "డ్రైవరుకు డ్రైవరు పని కనబడవలె కదా" అన్నావు. ఇంకా నెమ్మదిగా, "మంచివాడి మాదిరి ఉన్నాడు బావా. మధ్యలో ఎప్పుడన్నా నోరు తెరిచి అడిగి చూడు. నేను అడిగితే మరియాద ఉండదు, నువ్వే అడగవలె" అని చెవిలో చెప్పావు. నీకు ఆ యాత్ర కొండలు చూడటానికి కాదని నాకప్పుడే అర్థమైంది. నన్ను ఆ ఊళ్లో నిలబెట్టే దారి వెతకడానికే నీ సెలవంతా ఖర్చుపెట్టావు.

నేను మొదట చూసింది కొండలను కాదు, ఆ డ్రైవరు ఫింటన్ చేతులను. స్టీరింగు మన బండ్ల మాదిరే కుడి పక్కనే, రోడ్డుకు ఎడమ పక్కనే పోవడం, అది చూసి ప్రాణం లేచొచ్చింది. కండక్టరు ఏడీ అని నిన్ను అడిగితే, "కండక్టరూ ఆయనే, గైడూ ఆయనే" అన్నావు. చెంప దగ్గర చిన్న మైకు పెట్టుకుని, వంపుల్లో గేరు మారుస్తూనే కథలు చెబుతున్నాడు. ఏ కొండలో ఎవరు దాక్కున్నారు, ఏ ఇంటివాళ్లకు ఏ ఇంటివాళ్లతో పడదు, అన్నీ. నువ్వు నాకు మన మాటలో చెబుతూ వచ్చావు. బస్సంతా నవ్వేది, నువ్వు చెప్పాక నేను నవ్వేవాణ్ణి. అందరి నవ్వూ అయిపోయాక నా ఒక్కడి నవ్వు వినబడేది. పక్క వరసలో ముసలావిడ ప్రతిసారీ తిరిగి చూసి చిరునవ్వు నవ్వేది. మంచావిడే. అయినా కొంతసేపటికి నేను నవ్వడం మానేశాను.

విక్లో కొండల్లోకి పోయాక రోడ్డు సన్నగా అయింది. రోడ్డు పక్కన తంగేడు పూసినట్టు పసుపు పొదలు. ఎదురొచ్చే ప్రతి బండికీ ఫింటన్ స్టీరింగు మీద నుంచి ఒక్క వేలు ఎత్తేవాడు, అవతలివాడూ ఎత్తేవాడు. తెలిసినవాళ్లా అని అడిగాను. కాదు, అది వాళ్ల మరియాద అన్నావు. గొర్రెల వీపు మీద నీలం రంగు, ఎరుపు రంగు పూసి వదిలారు. ఇన్ని పొట్టేళ్లను ఏ దేవుడికి మొక్కారో అన్నాను. మునియప్పకు మొక్కి పసుపు రాసి వదిలిన పొట్టేలు తప్ప రంగు పూసిన గొర్రెను నేను చూసింది లేదు. నువ్వు కళ్లలో నీళ్లొచ్చేదాకా నవ్వి, ఎవరి మందో తెలియడానికి గుర్తు అని చెప్పావు. మేం ఆ ఊరికి వచ్చాక నువ్వు అట్లా నవ్వడం అదే మొదటిసారి. నీకు గుర్తుందో లేదో, నాకు ఉంది.

కొండ ఎక్కే ముందు టీ కోసం ఆపాడు కదా, అక్కడ నేను చేసింది నీకు తల వంపయింది. కొత్త దారిలో ఘాటు రోడ్డు ఎక్కేటప్పుడు చక్రం కింద నిమ్మకాయ పెట్టకుండా నేను ఏ బండీ ఎక్కింది లేదు. నేను తోలినా అంతే, ఇంకొకరు తోలినా అంతే. ముందు రోజు ఇండియా అంగట్లో కొన్న కాయ జేబులోనే ఉంది. ఎవరూ చూడనప్పుడు ముందు చక్రం కింద పెట్టి వచ్చి కూర్చున్నాను. ఆ ఊళ్లో డ్రైవరు బండి చుట్టూ తిరిగి టైర్లు చూసుకున్నాకే ఎక్కుతాడని నాకేం తెలుసు. కాయ చేత్తో పట్టుకుని లోపలికి వచ్చి, ఇది ఎవరిదని మైకులో అడిగాడు. బస్సంతా ఘొల్లుమని నవ్వింది. పాప, "అది మా అప్పది" అని చెయ్యి ఎత్తేసింది. నేను లేచి నిలబడ్డాను. బడిలో నిలబెట్టినట్టే ఉంది.

నువ్వు ఎర్రబడిన మొగంతో, దారి మంచిగా ఉండాలని మా వైపు డ్రైవర్లు అట్లా పెడతారని చెప్పావు. ఫింటన్ నవ్వలేదు. కిందికి దిగి, కాయను ఉన్న చోటే మళ్లీ పెట్టి వచ్చాడు. స్టీరింగు పక్కన వేలాడే బిళ్లను నాకు చూపించాడు. ప్రయాణికులను కాపాడే వాళ్ల సాధువు అట. ఆ బిళ్లను ఒకసారి ముట్టుకుని బండి తీశాడు. నిమ్మకాయ నలిగిన చప్పుడు ముందు వరసలో మనకు వినబడింది. ఇప్పుడు చెరువులో పడితే తప్పు నిమ్మకాయదే అని మైకులో అంటే అందరూ చప్పట్లు కొట్టారు. ఆ పై నుంచి నల్లటి నీళ్ల చెరువు, పొయ్యిలో కాల్చేదానికి మన పిడకల్లా పేర్చి ఆరబెట్టిన మట్టి ఇటుకలు, ఎక్కడో ఎత్తున వాకిలి ఉన్న ఆ గుండ్రటి రాతి గోపురం, ఆ లోయ, అన్నీ చూశాం. వాన, ఎండ పోటీలు పడ్డాయి. చాలా అందమైన దేశం. అది నేను ఎప్పుడూ కాదనలేదు.

ఇక మధ్యాహ్నం సంగతి. ఇక్కడి నుంచి నీకు తెలియదు.

భోజనానికి ఆపిన చోట నువ్వు పాపను చేతులు కడిగించడానికి తీసుకుపోయావు. ఆ తర్వాత బొమ్మల అంగట్లో దూరారు. నేను బస్సు దగ్గరే నిలబడ్డాను. ఫింటన్ పేపరు తడిపి ముందు అద్దం తుడుస్తున్నాడు. ఊరికే చూస్తూ నిలబడటం నా చేత కాలేదు. ఇంకొక కాగితం తీసుకుని అవతలి సగం నేను తుడిచాను. అయ్యాక ఆయన తలుపు తెరిచి, డ్రైవరు సీటు చూపించి, కూర్చో అన్నాడు. కూర్చున్నాను. ఏ దారిలో తోలుతావని అడిగాడు. నాకొచ్చిన ఇంగ్లీషుతో, మిగతాది చేతులతో, తొప్పూరు ఘాటు గురించి చెప్పాను. లారీలు, వంపులు, ఎక్కిన గేరులోనే దిగడం, బ్రేకును నమ్మకపోవడం. ఒక డ్రైవరుకు ఇంకొక డ్రైవరు చెప్పేదానికి పెద్ద భాష అక్కర్లేదు. ఆయన తల ఊపుతూ విన్నాడు.

తర్వాత ఆయన అన్నది నాకు అర్థమైనంత రాస్తున్నాను. బాగానే అర్థమైంది, అందులో సందేహం లేదు. "మా దగ్గర మనుషులు చాలడం లేదు. నీ భార్య నర్సు కదా, నీకు పని చేసుకునే అనుమతి దొరుకుతుంది. సోమవారం పొద్దున మా షెడ్డుకు రా. ఇక్కడి లైసెన్సు చేతికొచ్చేదాకా బస్సులు కడగాలి. నేనూ కడిగే మొదలుపెట్టాను. యజమానితో నేను మాట్లాడతాను, గేటు దగ్గరే ఉంటాను." అంతా చెప్పి, తన మైకు మీద వేలితో కొట్టి, "కొన్నాళ్లకు ఇదీ నేర్చుకుంటావు" అన్నాడు.

నేను తల ఊపాను. మన తల ఊపు ఎటైనా అనుకోవచ్చు. ఆయనకు ఔనన్నట్టు కనబడింది. చెయ్యి పట్టుకుని గట్టిగా ఊపాడు.

అప్పుడే నువ్వు పాప చేతిలో గొర్రెపిల్ల బొమ్మతో వచ్చావు. దూరం నుంచే నీ మొగం వెలుగుతోంది. "ఏమన్నాడు బావా? అంతసేపు మాట్లాడినారు కదా?" అని అడిగావు. నేను, "మన లైసెన్సు ఈడ చెల్లదంట. బయటోళ్లను చేర్చుకునేది లేదని చెప్పినాడు" అన్నాను.

అంతే. అది అబద్ధం అమరా. ఆయన రమ్మన్నాడు. నేను లేదన్నాడని చెప్పాను.

నువ్వు, "నేను పోయి అడుగుతాను" అని కదిలావు. నీ చెయ్యి పట్టుకుని, "వద్దు, ఉన్న మరియాద పోతుంది" అని ఆపాను. ఎంత సులభంగా వచ్చిందో ఆ మాట. తిరుగు దారంతా నీ షాలు తీసి నా భుజాల మీద కప్పి, నీ చెయ్యి నా చేతి మీద నుంచి తీయలేదు. "వాళ్లు పోతే పోనీలే, నువ్వు నాకు ఉన్నావు" అన్నావు. పాప నీ ఒళ్లో నిద్రపోయింది. నేను కళ్లు మూసుకుని ఆ ఓదార్పంతా తీసుకున్నాను. దొంగ సొత్తని తెలిసీ తీసుకున్నాను.

దిగేటప్పుడు ఒక్కొక్కరే ఫింటన్‌కు చేతులిచ్చి, థాంక్స్ చెప్పి పోతున్నారు. నన్ను చూసి ఆయన, "మండే" అన్నాడు. నీకు ఎక్కడ వినబడుతుందోనని పాపను నీకూ ఆయనకూ మధ్యకు లాగి గట్టిగా పిలిచాను. నీకు ఆయన చెయ్యి చాపాడు. నువ్వు చూడనట్టు దిగిపోయావు. ఆ చెయ్యి కాసేపు అట్లాగే ఉండిపోయింది. ఆయన మొగంలో కోపం లేదు, ఏం తప్పు చేశానా అన్నట్టు చూశాడు. ఆ చూపు నా వెంట ధర్మపురిదాకా వచ్చింది.

సోమవారం నాకు కడుపునొప్పి వచ్చిందని నీకు గుర్తుండే ఉంటుంది. నువ్వు డ్యూటీకి ఆలస్యమవుతుందని తెలిసీ మిరియాల రసం కాచి, తాగించి గాని కదల్లేదు. వార్డు నుంచి మళ్లీ మళ్లీ ఫోను చేశావు. నాకు నొప్పి లేదు. రగ్గు కప్పుకుని పడుకుని, ఆయన గేటు దగ్గర నిలబడి దారి చూస్తూ ఉంటాడని అనుకుంటూ ఉన్నాను. అంతదాకా రాని నొప్పి అప్పుడు నిజంగానే వచ్చింది.

ఎందుకు చేశానో చెప్పాలి. మొదట నాకు నేను చెప్పుకున్నది, బస్సులు కడగడం నా వల్ల కాదని. ఇక్కడ నా బస్సు కడగడానికి కుప్పన్ ఉన్నాడు, నేను డ్రైవరు అన్నను. బస్ స్టాండులో నేను టీ అడగనక్కర్లేదు, వస్తుంది. అక్కడ నీళ్ల పైపు పట్టుకోవాలా అనిపించింది. తర్వాత నాకు నేను చెప్పుకున్నది, ఆ మైకు. కొండ మీద బండి తోలమంటే తోలుతాను, నలభై మందికి ఇంగ్లీషులో కథలు చెప్పమంటే నా నాలుక లేవదు. ఇవి రెండూ నిజమే గాని, అసలు నిజం కాదు.

అసలు నిజం ఇది. ఆ ఊళ్లో నెల రోజులూ నువ్వే నా నోరు. అంగట్లో, డాక్టరు దగ్గర, రోడ్డు మీద, అందరూ నీతో మాట్లాడి నా వంక చూసి నవ్వేవాళ్లు. మీ వార్డుకు వచ్చినప్పుడు ఒక ముసలాయన నీ చెయ్యి వదలకుండా, ఈ అమ్మాయి లేకపోతే నేను లేను అని నాతో చెప్పాడు. గర్వపడాలి. పడ్డాను కూడా. దాంతోపాటే ఇంకొకటి లోపల కుట్టింది. అవ్వ ఊళ్లో నా పలక చూసి రాసుకున్న మరదలు నాకంటే పెద్దదైపోయింది అనిపించింది. నువ్వు తిరిగి వస్తే మళ్లీ అంతా సరిపోతుందనుకున్నాను. రమ్మని అడగడానికి నోరు రాలేదు. అడిగితే నువ్వు వచ్చేదానివి, కాని నీ చదువు, నీ పని చెడగొట్టినవాణ్ణి నేనే అయ్యేవాణ్ణి. ఆ చెడ్డపేరు ఫింటన్ నెత్తిన పెట్టేశాను.

ఇంకొకటి కూడా చెప్పకపోతే ఈ ఉత్తరం సగం అబద్ధమే. నోటీసు ఇస్తానని నువ్వు రాసింది చదివినప్పుడు, మొట్టమొదట నాకు సంతోషం వేసింది. ఆ కాగితం మడిచి జేబులో పెట్టుకుని, ఆ పూట ఈల వేసుకుంటూ బస్సు తోలాను. సిగ్గు తర్వాత వచ్చింది.

సిగ్గు తెప్పించింది మన పాప. పోయిన ఆదివారం సేలం ట్రిప్పుకు నాతో వస్తానని గొడవచేసి ఎక్కింది. ఇంజను పెట్టె మీద గోనెసంచి పరిచి కూర్చోబెట్టాను. ఇంట్లో నుంచి పప్పుగరిటె దాచి తెచ్చింది. బస్సు కదలగానే గరిటె నోటి దగ్గర పెట్టుకుని లేచి నిలబడింది. తమిళంలోనే చెప్పింది, నీకు మన మాటలో రాస్తున్నాను.

"లేడీస్ అండ్ జెంటిల్‌మెన్, ఎడంపక్క చూడండి. ఇది అదియమాన్‌కోట్టై. ఈడ ఒక రాజు కోట ఉండినాది. ఇప్పుడు కోట లేదు, గుడి ఉంది, టీ అంగడి ఉంది."

ఆడి పండగ జనం, బస్సు కిక్కిరిసి ఉంది. అందరూ నవ్వారు. ఎల్లప్పన్ టికెట్లు ఇవ్వడం ఆపి వింటున్నాడు. దానికి ఉత్సాహం వచ్చింది. మేకలు కనబడితే మేకలు, రాతి క్వారీ కనబడితే క్వారీ, ఏదీ వదల్లేదు. ఫింటన్ ఎక్కడ ఆగి ఎక్కడ నవ్వేవాడో అచ్చం అట్లాగే చెబుతోంది. ఘాటు దగ్గరికి రాగానే గరిటెతో నన్ను చూపించింది.

"ఈయన మా అప్ప. ఐర్లాండులో బస్సు తోలేదానికి అడిగినాడు. నువ్వు చాలవు పొమ్మని చెప్పినారు. అయినా మీరు భయపడొద్దు. మా అప్ప బాగానే తోలుతాడు."

బస్సులో నవ్వు ఆగిపోయింది. సేలానికి జామకాయలు తీసుకుపోయే పళనియమ్మాళ్ ఎప్పుడూ ముందు సీట్లోనే కూర్చుంటుంది. గంపలో వెతికి, అన్నిటికంటే మంచి కాయ ఏరి, నా ముందు అద్దం కింద పెట్టింది. "బాధపడొద్దు తంబీ, వాళ్లకు కండ్లు లేవు" అంది. వెనక నుంచి ఎవరో, మన మనిషి విలువ మనకు తెలుసు అన్నారు. ఎల్లప్పన్ నా వంక చూడలేక బయటికి చూస్తూ నిలబడ్డాడు. ఘాటు దిగినంతసేపూ ఆ జామకాయ అద్దం కింద అటూ ఇటూ దొర్లుతూనే ఉంది. నేను దాన్ని తినలేదు.

నేను చెప్పిన అబద్ధానికి నా కూతురు నా కోసం నలుగురిలో పూచీ పడుతోంది. తన అప్పను ఎవరో చాలవన్నారని అది నమ్మింది. ఏడేళ్ల పిల్ల ఆ మాట మోస్తూ తిరుగుతోంది. అమ్మ అయితే ఇంటికి ఎవరొచ్చినా ఇదే చెబుతుంది. "నా బిడ్డను కాదన్నాడు, ఆ బస్సోడి నోట్లో మన్ను పడ" అని శాపాలు పెడుతుంది. అంత మంచి మనిషికి మన ఇంట్లో రోజూ ఇదే మరియాద. నీకు నేను చేసింది అన్నిటికంటే పెద్దది. నీ చేతులతోనే నీ పెద్దరికాన్ని తీసి పారేసుకునేలా చేశాను. అది కూడా నా మీద ప్రేమతో చేస్తున్నావని నీకు అనిపించేలా చేశాను.

ఆ రోజు సాయంత్రం సేలం నుంచి వచ్చేటప్పుడు బస్సు సగం ఖాళీ. పాప ముందు సీట్లో పళనియమ్మాళ్ ఖాళీ గంప మీద తల పెట్టి నిద్రపోయింది. గరిటె నా పక్కనే ఉంది. నేను దాన్ని ముట్టుకోలేదు. కాని ఘాటు ఎక్కుతూ నోట్లో నోట్లోనే ఇంగ్లీషులో చెప్పుకుంటూ వచ్చాను. ఇది మునియప్ప గుడి, ఇక్కడ డ్రైవర్లందరూ ఆగి కర్పూరం వెలిగిస్తారు, ఈ వంపులో వానాకాలం మంచు దిగుతుంది, అని. మాటలు చాలలేదు. మధ్యమధ్య తమిళం పడింది. కాని చెప్పాల్సింది చాలా ఉందని నాకే ఆశ్చర్యం వేసింది. ఎల్లప్పన్ వచ్చి, "ఏమన్నా, ఒంటరిగా మాట్లాడుకుంటా ఉండావు?" అన్నాడు. జ్వరమేమో అని నుదురు కూడా ముట్టి చూశాడు.

ఇంటికి రాగానే పాపకు నిజం చెప్పాను. వాళ్లు రమ్మన్నారు, నేనే భయపడి పోలేదు అని. అది, "నువ్వు అమ్మకు చెప్పినావా?" అని అడిగింది. లేదన్నాను. "మరి నాకెందుకు ముందు చెప్పినావు?" అంది. దానికి ఈ ఉత్తరమే జవాబు. మా అమ్మకు ఇంకా చెప్పలేదు. ఇది పోస్టు చేసి వచ్చి చెబుతాను, తిట్లన్నీ ఫింటన్ నుంచి నాకు మారతాయి.

ఇక నీ ప్రశ్నకు నా జవాబు. సరి అని నేను అనను. నోటీసు ఇవ్వకు. వాళ్లు అడిగిన పెద్దరికం తీసుకో, అది నువ్వు రాత్రులు మేలుకుని సంపాదించుకున్నది. ఊరి మీద ఆశతో, అలసటతో నువ్వు రావాలనుకుంటే అది వేరే మాట, వచ్చేయి, ఎయిర్‌పోర్టుకు వచ్చి తెచ్చుకుంటాను. నా అబద్ధాన్ని నమ్మి మాత్రం రావద్దు. నేను రావాలంటే వస్తాను. బస్సులు కడుగుతాను. ఆ పని ఇంకా ఉందో లేదో తెలియదు. లేకపోతే ఆ తప్పు నాదే, ఎవరినీ అనేది లేదు. ఇదంతా చదివాక, ఇటువంటివాణ్ణి రమ్మనాలా వద్దా అని నీకు అనిపించవచ్చు. ఆదివారం ఫోను చేయాలనిపించకపోతే చేయకు. పాపతో మాత్రం మాట్లాడు, నేను బయటికి పోయి నిలబడతాను.

ఒక్కటే అడుగుతాను, నా కోసం కాదు. ఆ బస్సు మళ్లీ మీ ఆసుపత్రి ఎదుట కనబడితే మొగం తిప్పుకుని పోకు. ముందుగానే ఇండియా అంగట్లో ఒక నిమ్మకాయ కొని సంచిలో ఉంచుకో. ఆయన చేతిలో పెట్టు. ఎవరి భార్యవో చెప్పనక్కర్లేదు, తెలుస్తుంది. ఆ సోమవారం మా ఆయన రానిది మీ వల్ల కాదు, భయపడి రాలేదు అని చెప్పు. నేను నీ చేత చెప్పించే ఆఖరి మాట ఇదే, ఆ తర్వాత నా నోటితో నేనే చెప్పుకోవడం నేర్చుకుంటాను. ఆయన మళ్లీ చెయ్యి చాపుతాడు, అటువంటి మనిషి. ఈసారి పట్టుకో.

ఇట్లు,
పలక పంచుకున్న బావ,
మన పాప కీర్తిక అప్ప,
మునిరాజ్.